హోమ్ లోన్ కట్టలేక తలుపుకు నోటీసు అంటించాక కోర్టులో ఏం దొరుకుతుంది?

మీ ప్రశ్న పొడవుగా ఉంది, మిగతావాళ్ల కోసం కుదించి చెప్తాను. తిరుపతి ఎం.ఆర్.పల్లిలో 2019లో ఫ్లాటు కొన్నారు. 32 లక్షల హోమ్ లోన్, ఇరవై ఏళ్ల గడువు, నెలకు దగ్గరదగ్గర 29 వేల ఈఎంఐ. ఉద్యోగం పోయింది, తొమ్మిది నెలలుగా కంతులు ఆగిపోయాయి. అరవై రోజుల నోటీసు వస్తే జవాబివ్వలేదు. పది రోజుల కిందట బ్యాంకువాళ్లు తలుపుకు స్వాధీన నోటీసు అంటించి పేపర్లో కూడా వేయించారు. నోటీసులో మొత్తం బాకీ 29 లక్షల 60 వేలు. ఒకరు సివిల్ కోర్టులో స్టే తెచ్చుకోమన్నారు, ఇంకొకరు హైకోర్టు అన్నారు, మీ మేనమామ "ఐపీ పెట్టేయ్, ఎవడూ ఏం పీకలేడు" అన్నారు. కోర్టు ఆదుకుంటుందా, అమ్మను తీసుకుని రోడ్డున పడాల్సిందేనా అన్నది మీ బాధ.

సూటిగా చెప్తాను. కోర్టు ఆదుకుంటుంది, కానీ మీ మేనమామ అనుకునే తీరులో కాదు. కోర్టు బాకీ మాఫీ చేయదు. ఇచ్చేది గడువు. ఆ గడువు దొరికే చోటు బ్యాంకు బాకీల కేసులు చూసే డెట్ రికవరీ ట్రిబ్యునల్, అందరూ డీఆర్‌టీ అనేది. స్వాధీన నోటీసు పడిన రోజు నుంచి 45 రోజుల్లో అక్కడ దరఖాస్తు వేయాలి. అందులో పది పోయాయి, 35 మిగిలాయి. రేపో ఎల్లుండో ఎవరూ మిమ్మల్ని ఇంట్లోంచి గెంటరు, ఆ టెన్షన్ పక్కన పెట్టండి. ఐపీ, అంటే దివాలా పిటిషన్, ఆ మాట మాత్రం మర్చిపోండి, ఎందుకో కింద చెప్తాను.

నేను లాయరును కాను. ఒక బ్యాంకులో ఇరవై ఆరేళ్లు చేశాను, అందులో చివరి తొమ్మిదేళ్లు చిత్తూరు, తిరుపతి వైపు రికవరీ. మీ తలుపుకు అంటించిన లాంటి కాగితాలు నా చేత్తో వందకు పైనే అంటించాను. మైదా జిగురు ఒక చేతిలో, ఫొటో తీయడానికి ఫోను ఇంకో చేతిలో. రిటైరయ్యాక ఇప్పుడు ఎవరైనా ఫైలు పట్టుకొస్తే చదివి, ఏ లాయరు దగ్గరికి వెళ్లాలో, అసలు వెళ్లాలో లేదో చెప్తుంటాను. కాబట్టి ఇది బల్లకు అవతలి వైపు కూర్చున్నవాడి మాట అనుకోండి.

ముందు ఈ చట్టం తీరు అర్థం కావాలి. పాత రోజుల్లో బ్యాంకు తనఖా ఇల్లు అమ్మాలంటే దావా వేసి, డిక్రీ తెచ్చుకుని, మళ్లీ అమలు పిటిషన్ వేసి ఏళ్ల తరబడి తిరిగేది. 2002లో సర్ఫేసీ చట్టం వచ్చాక కోర్టు గడప తొక్కకుండానే ఇల్లు స్వాధీనం చేసుకుని వేలం వేసే అధికారం బ్యాంకుకు వచ్చింది. మునుపు కోర్టుకు ఎక్కాల్సింది బ్యాంకు, ఇప్పుడు ఎక్కాల్సింది బాకీదారు. మీరు ఎక్కకపోతే మీ తరఫున అడిగేవాడు ఉండడు. "కోర్టు ఆర్డరు లేకుండా నా ఇంటి మీద చెయ్యెలా వేస్తారు?" అని నన్ను నిలదీసినవాళ్లు ఎందరో. వాళ్ల కోపంలో న్యాయం ఉందేమో గానీ చట్టంలో లేదు. 2004లో మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టు ఈ చట్టం చెల్లుతుందనే చెప్పింది. అయితే అదే తీర్పులో ఒక మేలు చేసింది. ట్రిబ్యునల్‌కు వెళ్లాలంటే ముందు 75 శాతం బాకీ కట్టాలనే షరతును కొట్టేసింది. ఆ షరతు ఉండి ఉంటే మీలాంటి వాళ్లకు డీఆర్‌టీ ఉన్నా లేనట్టే.

వరస ఇలా నడుస్తుంది. కంతు 90 రోజులు దాటితే ఖాతా మొండి బాకీ, బ్యాంకు భాషలో ఎన్‌పీఏ. తర్వాత సెక్షన్ 13(2) కింద అరవై రోజుల నోటీసు. అది దాటాక 13(4) కింద స్వాధీనం, అంటే మీ తలుపు మీద ఉన్న కాగితం. దీన్ని సింబాలిక్ పొసెషన్ అంటారు. కాగితం మీద ఇల్లు బ్యాంకు చేతికి వెళ్లింది, తాళం మీ దగ్గరే ఉంది. ఆ తర్వాత వేలం ప్రకటన, దానికి మొదటిసారి ముప్పై రోజుల వ్యవధి ఇవ్వాలి. ఆ పైన వేలం.

అరవై రోజుల నోటీసుకు జవాబివ్వలేదన్నారు. అది పెద్ద నష్టం, ఇది చదివే వేరేవాళ్లయినా గుర్తు పెట్టుకోండి. ఆ నోటీసుకు మీరు అభ్యంతరం రాస్తే బ్యాంకు 15 రోజుల్లో కారణాలతో జవాబివ్వాలి, ఇవ్వకపోతే అదే ట్రిబ్యునల్‌లో బ్యాంకు మెడకు చుట్టుకుంటుంది. నా సర్వీసులో నేను భయపడింది ఆ ఉత్తరాలకే. లెక్క తప్పు, వడ్డీ ఎక్కువ వేశారు, ఫలానా నెల కట్టింది జమ చేయలేదు అని ఎవరైనా రెండు పేజీలు రాస్తే మా ఆఫీసులో అందరం కూర్చుని ఫైలు తిరగేసేవాళ్లం. రిజిస్టర్ పోస్టు తీసుకోకుండా వెనక్కి పంపేసేవాళ్ల ఫైళ్లు మాత్రం చకచకా కదిలిపోయేవి. తీసుకోలేదంటే అందినట్టే లెక్క.

సివిల్ కోర్టు స్టే సంగతి. సర్ఫేసీ చట్టం సెక్షన్ 34 ప్రకారం ట్రిబ్యునల్ చూడాల్సిన విషయంలో సివిల్ కోర్టు దావా తీసుకోకూడదు, ఇంజంక్షన్ ఇవ్వకూడదు. బ్యాంకు మోసం చేసిందని గట్టిగా చూపగలిగితే చిన్న సందు ఉంది, కానీ ఉద్యోగం పోయి కట్టలేకపోవడం ఆ సందులో పట్టదు. చిత్తూరు గ్రీమ్స్‌పేటలో ఒకాయన ఉండేవాడు, తోతాపురి కాయ కొని గుజ్జు ఫ్యాక్టరీలకు తోలే వ్యాపారం. ఒక సీజన్ డబ్బులు ఫ్యాక్టరీల దగ్గర ఇరుక్కుపోయాయి, ఇంటి లోను ఆగింది. నేను నోటీసు అంటించిన వారంలోపే చిత్తూరులో ఇంజంక్షన్ దావా వేశాడు. వాయిదా మీద వాయిదా. ఈ దావా ఈ కోర్టుకు రాదు అని మా లాయరు పిటిషన్ వేస్తే ఎనిమిది నెలలకు ఆయన దావాను కొట్టేశారు. ఆ ఎనిమిది నెలలూ ఆయన "కేసు కోర్టులో ఉంది, నన్నెవరూ ముట్టుకోలేరు" అని నిశ్చింతగా తిరిగాడు. డీఆర్‌టీ 45 రోజులు ఎప్పుడో దాటిపోయాయి. వేలం అయిపోయింది. బాకీ, ఖర్చులు పోగా మిగిలిన ఆరు లక్షల చిల్లర ఆయనకే చెక్కు ఇచ్చాం, చట్టం ప్రకారం మిగులు బాకీదారుదే. ఆ చెక్కు తీసుకుంటూ ఆయన అడిగిన ప్రశ్న: "ఇదే ఇంటిని నేనే అమ్ముకుని ఉంటే ఎంత వచ్చేది సార్?" నాకు తెలుసు ఎంత వచ్చేదో. చెప్పలేదు.

హైకోర్టు. అమరావతి వెళ్లి రిట్ వేయొచ్చు, వేసేవాళ్లు వేస్తూనే ఉన్నారు. కానీ 2010లో సత్యవతి టాండన్ కేసు దగ్గర నుంచి సుప్రీంకోర్టు ఒకే మాట చెప్తోంది. డీఆర్‌టీ అనే దారి ఉండగా హైకోర్టులు ఈ కేసుల్లో తలదూర్చొద్దని. 2023లో సౌత్ ఇండియన్ బ్యాంక్ కేసులో ఇంకా గట్టిగానే చెప్పింది. కాబట్టి జడ్జి అడిగే మొదటి ప్రశ్న "డీఆర్‌టీకి ఎందుకు పోలేదు?" అనే. దానికి మీ దగ్గర జవాబు లేదు. ఒకోసారి ఇంత కట్టు, ఇన్ని వారాలు ఆగుతారు అని షరతుతో ఆర్డరు వస్తుంది. అది వస్తే అదృష్టం. అదృష్టాన్ని నమ్ముకుని 35 రోజులు ఖర్చు చేయకండి.

ఐపీ. మన వైపు చిట్టీల వాళ్లు, వ్యాపారులు చేతులెత్తేసినప్పుడు విని విని ఈ మాట అందరి నోటా నానింది. అది 1920 నాటి దివాలా చట్టం కింద వేసే పిటిషన్. చేబదుళ్లు, ప్రోనోట్ల అప్పులవాళ్లను అది కొంతకాలం ఆపుతుందేమో. ఇల్లు తనఖా పెట్టుకున్న బ్యాంకును ఆపదు, తనఖా మీద హక్కు వాడుకోవడానికి అడ్డం లేదని ఆ చట్టమే చెప్తోంది. ఐపీ పెడితే ఇల్లు నిలవదు, పేరు మాత్రం పోతుంది. మీ మేనమామ మీద గౌరవంతోనే చెప్తున్నాను.

కలెక్టరేట్‌లో సోమవారం గ్రీవెన్స్‌కు అర్జీ పట్టుకెళ్లేవాళ్లూ ఉన్నారు. ఈ విషయంలో కలెక్టరు గారి పాత్ర వేరే. బ్యాంకు ఇంటి తాళాలు నిజంగా తీసుకోవాలంటే సెక్షన్ 14 కింద జిల్లా మేజిస్ట్రేట్‌కు, అంటే కలెక్టరుకే, అర్జీ పెట్టుకుంటుంది. చీఫ్ జుడీషియల్ మేజిస్ట్రేట్ దగ్గర కూడా పెట్టుకోవచ్చు. ముప్పై రోజుల్లో, కారణం ఉంటే అరవై రోజుల్లో ఆర్డరు ఇవ్వాలని చట్టం. అక్కడ మీ వాదన వినరు, కాగితాలు సరిగా ఉన్నాయా అని మాత్రమే చూస్తారు. అందుకే మీ ఇంటి తాళానికి ఇంకా సమయం ఉందన్నాను. మా జిల్లాల్లో ఆర్డరు వచ్చాక కూడా పోలీసు బందోబస్తు, తహసీల్దారు ఖాళీ చూసుకుని తేదీ పడేసరికి ఇంకొన్ని వారాలు పడుతుంది.

ఆ రోజు ఎలా ఉంటుందో ఒకటి చెప్తాను. తిరుచానూరు రోడ్డు పక్క ఒక ఇల్లు. తహసీల్దారు ఆఫీసు నుంచి మనిషి, వీఆర్వో, ఇద్దరు కానిస్టేబుళ్లు, నేను. ఇంట్లో వస్తువులన్నీ పంచనామాలో రాయాలి. మిక్సీ ఒకటి, సిలిండర్లు రెండు, ఇనుప బీరువా ఒకటి, ఇలా. పెరట్లో తులసికోట దగ్గర ఆగిపోయాం. సిమెంటుతో కట్టింది కాబట్టి ఇంటితో పాటే వస్తుందని నేను. "తులసమ్మను ఎట్లా జప్తు చేస్తారు సార్" అని వీఆర్వో. పావుగంట దాని మీదే గడిచింది. చివరికి ఆ ఇంటి పెద్దావిడ వచ్చి, మొక్కను వేళ్లతో సహా పెకలించి స్టీలు గిన్నెలో పెట్టుకుని, "కోట మీరు తీసుకోండి నాయనా" అంది. పంచనామాలో "తులసికోట ఒకటి, మొక్క లేదు" అని రాశాం. మొదటి నోటీసుకూ ఆ రోజుకూ మధ్య పద్నాలుగు నెలలు. ఆ పద్నాలుగు నెలల్లో ఆ కుటుంబం నుంచి మా ఫైల్లోకి ఒక్క ఉత్తరం కూడా రాలేదు.

ఇప్పుడు డీఆర్‌టీ. సెక్షన్ 17 కింద దరఖాస్తు. తలుపుకు కాగితం అంటించిన దశలోనే వెళ్లొచ్చా, తాళం వేసేదాకా ఆగాలా అని మునుపు వాదన ఉండేది. 2018లో హిందాన్ ఫోర్జ్ కేసులో సుప్రీంకోర్టు ఈ దశలోనే వెళ్లొచ్చని తేల్చింది. ఫీజు బాకీని బట్టి ఉంటుంది. పది లక్షలకు 5,000, ఆ పైన ప్రతి లక్షకు 250. మీ 29 లక్షల 60 వేలకు సరిగ్గా 10,000 రూపాయలు. ఎవరైనా "కోర్టు ఫీజే లక్ష అవుతుంది" అంటే లేచి వచ్చేయండి. తిరుపతిలో డీఆర్‌టీ లేదు, కానీ ఇప్పుడు దరఖాస్తులు ఆన్‌లైన్‌లోనే వేస్తున్నారు, కాబట్టి ప్రతిదానికీ బస్సెక్కే పని లేదు. అమ్మ కూడా లోనులో సంతకం పెట్టి ఉంటే ఇంకొకటి. ఆడవాళ్లకు ఆదాయంతో నిమిత్తం లేకుండా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయరును ఇస్తుంది, ట్రిబ్యునల్ కేసుకైనా సరే. చిత్తూరు కోర్టు ఆవరణలో జిల్లా సంస్థ ఉంది, తిరుపతి కోర్టులో మండల కమిటీ ఉంది.

ట్రిబ్యునల్ ఏం చూస్తుంది? మీ కష్టం చూడదు. ఇది చేదుగా ఉంటుంది గానీ ముందే తెలిస్తే మంచిది. ఉద్యోగం పోయింది, అమ్మకు షుగరు అని పది పేజీలు రాసినా ఒక్క వాక్యం పనికొస్తుంది, మిగతాది పోతుంది. చూసేది బ్యాంకు చట్టం ప్రకారం నడిచిందా లేదా అని. ఖాతాను ఎన్‌పీఏ చేసిన తేదీ సరైనదేనా? 13(2) నోటీసులో బాకీ వివరం, ఆస్తి వివరం ఉన్నాయా? లోను పత్రంలో సంతకం పెట్టిన ప్రతి ఒక్కరికీ నోటీసు వెళ్లిందా? స్వాధీన నోటీసు ఏడు రోజుల్లోపు రెండు పేపర్లలో, అందులో ఒకటి తెలుగు పేపర్లో పడిందా? వేలం దాకా వెళ్తే, గుర్తింపు ఉన్న వాల్యుయర్‌తో ధర కట్టించారా, ముప్పై రోజుల వ్యవధి ఇచ్చారా?

ఇందులో నేను దొరికిపోయిన కేసు ఒకటుంది. కొర్లగుంటలో ఒక కుర్రవాడి ఇల్లు, వాళ్ల అమ్మ సహ రుణగ్రహీత. ఆవిడ అప్పటికే పాత అద్దింటి నుంచి మారిపోయింది, కొత్త చిరునామా ఇచ్చిన ఉత్తరం మా ఫైల్లోనే ఉంది. నేను నోటీసు పాత చిరునామాకు పంపాను. కవరు "ఇంట్లో లేరు" అని వెనక్కొస్తే ఫైల్లో పెట్టేసి ముందుకు పోయాను. ఆ కుర్రవాడి లాయరు పని తెలిసినవాడు. ఆ కవరునూ ఆ ఉత్తరాన్నీ పక్కపక్కన పెట్టి చూపించాడు. స్వాధీనం కొట్టేశారు. నాకు పైనుంచి అక్షింతలు పడ్డాయి, అది వేరే కథ. కానీ ఇక్కడ చూడాల్సింది ఆ తర్వాత జరిగింది. బాకీ పోలేదు. మేము మళ్లీ మొదటి నుంచి, ఈసారి సరైన చిరునామాకు, నోటీసు ఇచ్చాం. ఆ కుర్రవాడికి ఏడు నెలలు దొరికాయి. ఆ ఏడు నెలల్లో రేణిగుంట దగ్గర ఉన్న చిన్న ప్లాటు అమ్మి బకాయి మొత్తం కట్టేశాడు. ఇల్లు నిలిచింది. కేసు గెలిచి కూడా ఇంట్లో కూర్చుని ఉంటే ఎనిమిదో నెలలో నేనే వెళ్లి తాళం వేసేవాణ్ని.

స్టే అడిగితే ఊరికే ఇవ్వరు. చట్టంలో ఇంత శాతం అని లేకపోయినా, నాలుగో వంతో మూడో వంతో రెండు మూడు విడతల్లో కట్టమని షరతు పెట్టడమే నేను ఎక్కువగా చూసింది. ఒక విడత తప్పితే స్టే పోతుంది. కాబట్టి వెళ్లేముందే చేతిలో ఎంత ఉంది, ఎవరి దగ్గర ఎంత తేగలరు అని కాగితం మీద రాసుకోండి. డీఆర్‌టీలో ఓడి అప్పీలు ట్రిబ్యునల్‌కు వెళ్లాలంటే ముప్పై రోజులే గడువు, పైగా బాకీలో సగం కట్టాలి, వాళ్లు దయ తలిస్తే పాతిక శాతానికి తగ్గిస్తారు. మీలాంటి వాళ్లకు ఆ మెట్టు ఎక్కడం కష్టం. ఉన్న బలమంతా మొదటి మెట్టు దగ్గరే పెట్టాలి.

ఇంతకీ మీ విషయంలో నేనైతే డీఆర్‌టీ కంటే ముందు వేరే పని చేస్తాను. నోటీసులో 29 లక్షల 60 వేలు అని చూసి గుండె ఆగినంత పనైందని రాశారు. అది మొత్తం లోను. నిజంగా ఆగిపోయిన కంతులు ఎంత? తొమ్మిది ఇరవైతొమ్మిదిలు, 2 లక్షల 61 వేలు. దానికి నోటీసు ఖర్చులు, పెనాల్టీ చార్జీలు కలపండి. రిజర్వు బ్యాంకు నిబంధన ప్రకారం పేరుకుపోయిన బకాయి మొత్తం, అసలూ వడ్డీ పైసాతో సహా కట్టేస్తే ఖాతా మళ్లీ మామూలు ఖాతా అవుతుంది. ఒకటి రెండు కంతులు కడితే కాదు. 2021 నవంబరులో దీన్ని స్పష్టం చేశారు. నోటీసు ఇచ్చాక బ్యాంకు మొత్తం అడిగే హక్కు ఉన్నా, హోమ్ లోన్లలో బకాయి తీర్చి మళ్లీ కంతులు మొదలుపెడతానంటే కాదనే మేనేజరును నేను అరుదుగా చూశాను. మాకు ఇల్లు అక్కర్లేదు, మేము ఇళ్లు అమ్మే వ్యాపారం చేయం. పీఎఫ్ ఉందా, అమ్మ పేరున ఎక్కడైనా జాగా ఉందా, బంగారం ఉందా చూడండి. బంగారం మీద అప్పు తెచ్చి ఇంటి బకాయి కట్టమని మామూలుగా నేను ఎవరికీ చెప్పను, కొత్త జీతం ఖాయమైతే మాత్రం చెప్తాను. ఖాతా కాగితం కూడా అడిగి తీసుకోండి. 2024 నుంచి పెనాల్టీని వడ్డీ రూపంలో వేసి దాని మీద మళ్లీ వడ్డీ వేయకూడదు. చార్జీగా మాత్రమే వేయాలి. ఈ లెక్కలో తేడా ఉంటే అది మీ డీఆర్‌టీ కాగితాల్లో మంచి పాయింటు.

కొత్త ఉద్యోగం వచ్చే సూచన లేదు, బకాయి పుట్టదు అనుకోండి. అప్పుడు మీరే అమ్మేయండి. వినడానికి బాధే. కానీ వేలంలో కొనేవాడు చవక కోసం వస్తాడు, మీరు తెచ్చే పార్టీ ఇంటి కోసం వస్తాడు. ఎం.ఆర్.పల్లిలో ఫ్లాటుకు గిరాకీ లేకపోదు. రెండు విషయాలు మాత్రం జాగ్రత్త. 13(2) నోటీసు అందాక బ్యాంకు రాతపూర్వక అనుమతి లేకుండా అమ్మడం, అద్దెకివ్వడం చెల్లదు, కాబట్టి ముందు ఉత్తరం పెట్టి అనుమతి తీసుకోండి. రెండోది తేదీ. వేలం ప్రకటన వెలువడేలోపే మొత్తం కట్టి ఇల్లు విడిపించుకునే హక్కు ఉంటుంది. వేలం రోజు దాకా ఉంటుందని అనుకునేవాళ్లు ఇంకా ఉన్నారు, చట్టం 2016లోనే మారింది, 2023లో బాఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని ఖాయం చేసింది. ప్రకటన పడ్డాక డబ్బు సంచీతో వెళ్లినా బ్యాంకు తీసుకోవాల్సిన పని లేదు.

ఇక వన్ టైం సెటిల్‌మెంట్, లోక్ అదాలత్. ఓటీఎస్ అంటే అందరికీ ఆశ. నిజం చెప్పాలంటే ఇంటి విలువ బాకీ కంటే ఎక్కువ ఉన్నప్పుడు బ్యాంకు అసలులో పెద్దగా తగ్గించదు, తగ్గించాల్సిన అవసరం దానికి లేదు. చార్జీలు, కొంత వడ్డీ వదిలితే అదే గొప్ప. ఓటీఎస్ ఇవ్వమని కోర్టు బ్యాంకును ఆదేశించడానికి వీల్లేదని కూడా 2021లో సుప్రీంకోర్టు తేల్చింది. ఓటీఎస్‌తో మూసిన ఖాతా సిబిల్‌లో "సెటిల్డ్" అని పడుతుంది, తర్వాత లోన్లకు అది అడ్డం. లోక్ అదాలత్ మంచిదే, ఫీజు లేదు, వాయిదాలు రాసుకుని రాజీ పడొచ్చు. కానీ అక్కడ సంతకం పెట్టినది డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. కట్టగలిగిన వాయిదాకే సంతకం పెట్టండి. జడ్జి గారి ముందు మొహమాటపడి నెలకు యాభై వేలు ఒప్పుకుని మూడో నెలకే చేతులెత్తేసిన వాళ్లను చూశాను.

ఫోన్లు చేసేవాళ్ల గురించి అడిగారు. హోమ్ లోన్ కట్టలేకపోవడం నేరం కాదు, దానికి పోలీసులు అరెస్టు చేయరు. చెక్కులు ఇచ్చి ఉంటే, బౌన్సయితే ఆ కేసు వేరు, ఆటో డెబిట్ బౌన్సుకు కూడా అలాంటి సెక్షనే ఉంది, అందులో సమన్లు వస్తే మాత్రం నిర్లక్ష్యం చేయొద్దు. రికవరీ ఏజెంట్లు పొద్దున 8 లోపు, రాత్రి 7 తర్వాత ఫోను చేయకూడదు. చేస్తే తేదీ, టైము రాసి ముందు బ్యాంకుకు ఫిర్యాదు ఇవ్వండి, ముప్పై రోజుల్లో జవాబు రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు పంపండి. దానివల్ల వేలం ఆగదు, ఫోన్లు ఆగుతాయి. అమ్మకు అదైనా ఊరటే.

"రెండు లక్షలివ్వు, రెండేళ్లు స్టే గ్యారంటీ" అనేవాడు మీకు ఈపాటికే ఫోను చేసి ఉంటాడు. పేపర్లో స్వాధీన ప్రకటనలు చూసి నంబర్లు పట్టుకునేవాళ్లు ఉన్నారు. ఆ రెండు లక్షలకు ఇంకో అరవై వేలు కలిపితే మీ బకాయే దాదాపు తీరిపోతుంది.

రేపు బ్యాంకు తెరవగానే వెళ్లి లోను ఖాతా స్టేట్‌మెంటు, బకాయి లెక్క రాతపూర్వకంగా అడగండి. అడిగిన ఉత్తరం కాపీ మీద స్టాంపు వేయించుకోండి. వచ్చిన నోటీసుల కవర్లు పారేయకండి, పోస్టాఫీసు ముద్ర మీద ఉన్న తేదీలే మీకు ఆధారం. బకాయి కట్టే మాటలు నడుస్తున్నా సరే డీఆర్‌టీ కాగితాలు పక్కన సిద్ధం చేయించుకుంటూ ఉండండి, మేనేజరు "చూద్దాం సార్" అన్న మాటకు 45 రోజులు ఆగవు. లోను పత్రంలో అమ్మ సంతకం ఉందా, ఆవిడ పేరున వేరే నోటీసు వచ్చిందా, 13(2) నోటీసులో ఎన్‌పీఏ తేదీ ఏమని ఉంది, ఈ మూడూ చూసి ఇక్కడే రాయండి. పేరు, ఖాతా నంబరు మాత్రం పెట్టకండి. అవి చూశాక మీ దరఖాస్తుకు బలం ఎంతుందో చెప్తాను.